పదిహేడో తారీఖు పంచాయితీ

మా రోజుల్లో సెప్టెంబరు పదిహేడుకు సెలవు లేదు. బడి ఉండేది, బడిలో దెబ్బలూ ఉండేవి. జెండా పండుగలంటే రెండే: పంద్రాగస్టు, ఛబ్బీస్ జనవరి. ఈ పదిహేడును తారీఖు పెట్టి యాదుంచుకున్నవాళ్లు మా ఊళ్లో పట్టుమని పదిమంది ఉంటారో ఉండరో. జనం నోట్లో ఉన్నది పోలీస్ యాక్షన్, అంటే 1948లో ఇండియన్ యూనియన్ సైన్యం వచ్చి నిజాం రాజ్యాన్ని కలుపుకున్న సంగతి. “పోలీస్ యాక్షన్ అయిన ఏడు మా బర్రె సచ్చింది”, “పోలీస్ యాక్షన్‌కు ముందటి వానకాలం మీ అక్క పుట్టింది”... ఇట్లా పెండ్లిళ్లు, పుట్టుకలు, చావులు అన్నీ ఆ గుంజకే కట్టేసేవారు. నా పుట్టుక కూడా అంతే. “దానికి రెండేండ్ల ముందు” అని అవ్వ చెప్తే, బడిలో చేర్చుకున్న సారు తనకు తోచిన తారీఖు ఒకటి రాసుకున్నాడు. ఆ తారీఖు ప్రకారమే నేను రిటైరయ్యాను. ఇప్పుడు మనవలు అదే తారీఖున నా చేత కేకు కోయిస్తున్నారు.

నేను పుట్టింది హైదరాబాద్ రాజ్యం, నల్లగొండ జిల్లా, జనగామ తాలూకా. ఇల్లు అక్కడే ఉంది, వాకిట్లో యాపచెట్టు అక్కడే ఉంది. జిల్లా మాత్రం వరంగల్ అయింది, 2016లో జనగామే జిల్లా అయి కూర్చుంది. పైన రాజ్యం హైదరాబాద్ స్టేట్ నుంచి 1956లో ఆంధ్రప్రదేశ్ అయింది, 2014లో తెలంగాణ అయింది. నాయిన చదివింది ఉర్దూలో, నేను తెలుగులో. మనవరాలు ఇంగ్లీషులో చదువుతూ తెలుగు అంకెలు చూసి ఇవేంటి తాతా అంటుంది. గడప దాటకుండా ఇన్ని దేశాలు తిరిగినవాడికి ‘నీది ఏ గడ్డ’ అని ఎవడో మైకులో అడుగుతుంటే ఒళ్లు మండదా మరి?

అవ్వ బొడ్డుసంచిలో రెండు రకాల రూపాయలుండేవి. చార్మినార్ బొమ్మ ఉన్న నిజాం హాలీ సిక్కా ఒకటి, ఇండియా రూపాయి కల్దారు ఒకటి. ఏడు సిక్కా రూపాయలిస్తే ఆరు కల్దార్లు వచ్చేవి. యూనియన్‌లో కలిసి పదేండ్లు దాటినా, 1959 దాకా ఆ సిక్కా చెల్లింది. “యూనియన్‌ల కలిసినం గాదె అవ్వా, ఇంకా నిజాం పైసలెందుకే?” అని బడిలో నేర్చుకున్న తెలివి చూపిస్తే, “రాజు మారిండు గని శేటు మారలేదు గదరా. ఆయన తీస్కున్నన్ని దినాలు చెల్లుతది” అనేది. సంతలో మిరపకాయల బేరం చేసేటప్పుడు ఏ రూపాయికి ఎంత అని వేళ్ల మీద లెక్క కట్టేది, ఒక్క పైసా పోనిచ్చేది కాదు.

మా అరుగు గురించి చెప్పాలి. రోజూ సాయంత్రం దాని మీద చేరేది నలుగురు: అవ్వ, నాయిన, మా మేనమామ, ఎదురింటి దర్జీ చిచ్చా. నలుగురికీ పోలీస్ యాక్షన్ నాలుగు రకాలుగా జరిగింది.

అవ్వది సూటి కథ. 1948 ఆగస్టు 27న నిజాం కొమ్ము కాసే రజాకార్ల దండు, నిజాం పోలీసులు భైరాన్‌పల్లి మీద పడి దాదాపు వందమందిని చంపినప్పుడు ఆమె తమ్ముడు ఆ ఊళ్లోనే ఉన్నాడు. బురుజు మీద నుంచి ఎదురు నిలిచినవాళ్లలో ఒకడు. ఆ తర్వాత పదిహేడు రోజులకు, సెప్టెంబరు 13న యూనియన్ సైన్యం రాజ్యం పొలిమేర దాటింది. ఐదో రోజు, శుక్రవారం, నిజాం చేతులెత్తేసిన సంగతి రేడియోలో చెప్పాడు. మా ఊళ్లో రేడియో ఎక్కడిది? జనగామ టేషన్ నుంచి రైలు గ్యాంగ్‌మన్ తెచ్చిన కబురే మాకు రేడియో. “ఆనాటి రాత్రి తలుపుకు గొళ్లెం పెట్టకుండ పన్నం బిడ్డా” అనేది అవ్వ. రెండేండ్ల తర్వాత గొళ్లెం లేకుండా పడుకున్న మనిషికి సర్దార్ పటేల్ దేవుడే. ఆమెతో ఎవరైనా వాదిస్తారా?

నాయిన వాదించేవాడు. ఆయన కమ్యూనిస్టుల సంఘంలో మనిషి, గుతప పట్టి దొర గడీ ముందు నిలబడ్డవాడు. సంఘం పంచిన రెండెకరాలు దున్నుకున్నాడు. యూనియన్ సైన్యం వచ్చి రజాకార్లను తరిమాక తిరిగిపోలేదు, తుపాకులు సంఘం వైపు తిప్పింది. 1951 అక్టోబరులో పోరాటం విరమించేదాకా అడవులు, క్యాంపులు, జైళ్లు. పట్నం పారిపోయిన దొర జీపులో తిరిగి వచ్చాడు. “రూమీ టోపీ పెట్టుకోని పోయిండు, గాంధీ టోపీ పెట్టుకోని వచ్చిండు. నెత్తి గదే” అనేవాడు నాయిన. ఆ రెండెకరాలు మళ్లీ దొరవే అయ్యాయి. నాయిన యూనియన్ జైల్లో పడ్డాడు. 1952లో మొదటిసారి ఓట్లు వచ్చినప్పుడు నల్లగొండ నుంచి రావి నారాయణరెడ్డికి నెహ్రూ కంటే ఎక్కువ ఓట్లు పడ్డాయి కదా, ఆ ఓట్లలో తనదీ ఒకటని చచ్చేదాకా చెప్పుకున్నాడు.

మామ స్టేట్ కాంగ్రెస్. స్వామి రామానంద తీర్థ పేరు చెబితే చేతులు జోడించేవాడు. 1947లో మూడు రంగుల జెండా ఎత్తితే లాఠీలు విరిగే రోజుల్లో ఎత్తి, చాందా సరిహద్దు క్యాంపుకు పోయి వచ్చాడు. ఆయనకు అది విముక్తే, రెండో మాట లేదు. దాని మీద నాయిన ఊరుకునేవాడు కాదు.

“ఎవలి నుంచి విముక్తి బావా? ఆ నిజాంనే రాజప్రముఖ్ జేసిండ్రు. ఏడాదికి యాభై లచ్చలు గూడ కట్టబెట్టిండ్రు. గిదేం విముక్తి?”

“రక్తం పారకుండ పని గావాల్నంటే గట్లనే ఉంటది బావా.”

“పారలేదా?” అని నాయిన ఎదురింటి వైపు చూసేవాడు. మామ నోరు మూసుకునేవాడు.

చిచ్చా తన వంతు కథ ఎప్పుడూ చెప్పలేదు. ఆయన చెల్లెలు బీదర్ అవతలి నుంచి ఇద్దరు పిల్లలతో ఒక రాత్రి వచ్చి అన్న ఇంట్లో ఉండిపోయింది. భర్త రాలేదు. బీదర్, ఉస్మానాబాద్, గుల్బర్గా, నాందేడ్ జిల్లాల్లో సైన్యం వచ్చాక ముస్లింల మీద ఏం జరిగిందో చూసి రమ్మని నెహ్రూయే పండిత్ సుందర్‌లాల్ కమిటీని పంపాడు. తక్కువలో తక్కువ 27 వేల నుంచి 40 వేల మంది దాకా చనిపోయి ఉంటారని వాళ్లు రాసిచ్చారు. ఆ కాగితం దశాబ్దాల పాటు బీరువా దాటలేదు. మేము దాని గురించి చదివేసరికి చిచ్చా లేడు, ఆయన చెల్లెలూ లేదు. ఆమె మా అవ్వతో కలిసి చింతపండు గింజలు తీసేది. ఇద్దరూ తమవాళ్లను పోగొట్టుకున్నది ఒక్క నెలలోనే, ఒకరినొకరు ఏం అడిగారో నేను వినలేదు.

చిచ్చా జెండాలు కుట్టేవాడు. మా బడి జెండా ఆయన చేతిదే. ఖాదీ తెలుపు మీద మధ్యలో చెల్లెలి గాజు పెట్టి గుండ్రం గీసేవాడు. నీలి సిరాలో పుల్ల ముంచి గీతలు గీస్తూ ఉర్దూలో లెక్కపెట్టేవాడు, చౌబీస్ దాకా. పద్దెనిమిదో పందొమ్మిదో దగ్గర మేం పిల్లలం మాట్లాడిస్తే లెక్క తప్పేది, తిట్టి మళ్లీ మొదలుపెట్టేవాడు. ఆకుపచ్చ ఎటు, కాషాయం ఎటు అని కొత్త సార్లకు చెప్పింది కూడా ఆయనే. నువ్వెందుకు కుడుతున్నావని ఎవరూ అడగలేదు. నువ్వు మాత్రమే కుట్టాలనీ అనలేదు. ఊళ్లో మిషను ఉన్నది ఆయనకే.

ఇదంతా చెప్పి ‘ఆహా, ఆ రోజులే వేరు’ అని చప్పరించడానికి నాకు నోరు రాదు. నాయిన, మామ ఒక ఏడాదంతా మాట్లాడుకోలేదు. చిచ్చా చెల్లెలి ముందు ఊరంతా ఊరుకుంది, అది మర్యాదో భయమో సిగ్గో నాకు ఇప్పటికీ తెలియదు. అయితే ఒక్కటి. ఒకే అరుగు మీద నాలుగు యాదులు పక్కపక్కన కూర్చునేవి. చాయ్ అందరికీ ఒకే గిన్నెలోది. కొట్లాడుకున్నా మళ్లీ మర్నాడు సాయంత్రం అక్కడికే రావాలి, ఎందుకంటే ఊళ్లో ఇంకో అరుగు లేదు.

ఇప్పుడో! మండల కేంద్రంలో పదిహేడు పొద్దున మూడు షామియానాలు. బస్టాండ్ ముందరిది విమోచన దినం, తహసీల్ ఆఫీసుది ప్రజాపాలన దినోత్సవం, మూలమీదిది జాతీయ సమైక్యతా దినం. ఎర్రజెండాల వాళ్లకు టెంటు అక్కర్లేదు, స్థూపం ఉంది. అక్కడ విలీన దినం. వాళ్లలోనే ఇంకో ముక్కకు అది విద్రోహ దినం. మైకులన్నీ ఒకదాని గొంతు మీద ఒకటి ఎక్కి అరుస్తుంటే పాలపాకెట్‌కు పోయిన నన్ను ‘ఏ టెంటుకు సారూ?’ అని అడుగుతారు. పాలకురా అంటే కన్ను గీటుతారు.

ఈ పేర్ల పంచాయితీ చరిత్ర పుస్తకాల్లోంచి పుట్టింది కాదు. సమైక్య రాష్ట్రంలో ఏ ప్రభుత్వమూ ఈ రోజును అధికారికంగా పట్టించుకోలేదు. తెలంగాణ ఉద్యమం నాడు ఎందుకు చేయరని గొంతు చించుకున్నవాళ్లు, తామే గద్దెనెక్కాక ఎనిమిదేండ్లు సర్కారు తరఫున గమ్మున ఉన్నారు. 2022లో కేంద్రం సికింద్రాబాద్ పరేడ్ గ్రౌండ్‌లో విమోచన దినం పెట్టి అమిత్ షాను దింపేసరికి, రాష్ట్రానికి హఠాత్తుగా సమైక్యత గుర్తొచ్చింది. అదే పొద్దున పబ్లిక్ గార్డెన్స్‌లో కేసీఆర్ జెండా. నిజాం పట్టాభిషేక రజతోత్సవానికి కట్టిన జూబ్లీ హాలు ఉన్న తోట అది. ఇంతకంటే మంచి చోటు దొరకలేదా అని ఎవరూ అడగలేదు, నేను తప్ప. నన్ను మా ఆవిడ టీవీ ముందు నుంచి లేపేసింది. 2023 పదిహేడున కాంగ్రెస్ తుక్కుగూడలో సభ పెట్టి ఆరు గ్యారంటీలు చదివింది. గెలిచాక ఆ రోజుకు ప్రజాపాలన అని పేరు పెట్టింది. 2024 మార్చిలో కేంద్రం గెజిట్‌లో ఏటా హైదరాబాద్ విమోచన దినమే అని అచ్చేసింది. రేపు ఇంకొకరొస్తే ఇంకో పేరు. ఫ్లెక్సీలు కొట్టేవాడు మాత్రం అందరికీ ఒక్కడే, వాడిదే నిజమైన సమైక్యత.

ఆ ఫ్లెక్సీల మీద ఒక ఫోటో ఉంటుంది చూశారా? విమానాశ్రయంలో నిజాం చేతులు జోడించి సర్దార్‌కు నమస్కారం పెడుతున్నది. ‘1948 సెప్టెంబరు 17, లొంగిపోయిన నిజాం’ అని కింద రాస్తారు. అది 1949లో పటేల్ హైదరాబాద్ వచ్చినప్పటి బేగంపేట ఫోటో. ఆయన పదిహేడున ఇక్కడ లేడు. లొంగుబాటు జరిగింది పద్దెనిమిదిన, జనరల్ చౌదరి ముందు జనరల్ ఎల్ ఇద్రూస్. ఇది చెప్పానని మా కాలనీ వాట్సాప్ గుంపులో ఒకడు నన్ను రజాకారన్నాడు. రజాకార్లు చంపిన ఇంటి మనవణ్ని! వాడు నా దగ్గర ఆరో తరగతి చదివాడు. పరీక్షలో ఐదు మార్కులు తగ్గించాల్సింది.

ఇంకో ముచ్చట. ఇమ్రోజ్ పత్రిక సంపాదకుడు షోయబుల్లా ఖాన్ ఉన్నాడు. హైదరాబాద్ భారతదేశంలో కలవాలని రాసినందుకు రజాకార్లు 1948 ఆగస్టులో నడిరోడ్డు మీద చంపారు. ఆయన బొమ్మ ఏ టెంటు ఫ్లెక్సీలో పెట్టాలి? విమోచనం వాళ్లకు ఆ పేరు కథలో సరిగ్గా అమరదు. మిగతావాళ్లకు ఆయన్ను చంపిందెవరో గట్టిగా చెప్పుకోవడం ఇబ్బంది. నేను చూసినంతలో మా మండలంలో ఆయన బొమ్మ ఎవరూ పెట్టలేదు. అందరికీ పనికొచ్చే మనిషి ఎవరికీ పనికిరాకుండా పోయాడు.

ఇది మా ఒక్కరి గోల కాదు. పాత హైదరాబాద్ రాజ్యంలో మాతో పాటు ఉన్న మరాఠ్వాడా వాళ్లు ఇదే రోజు ముక్తి సంగ్రామ దినం చేసుకుంటారు. కన్నడం వాళ్లు 2019లో హైదరాబాద్-కర్ణాటక అనే పేరే తీసేసి కల్యాణ కర్ణాటక అని పెట్టుకున్నారు. ఉస్మానాబాద్ ఇప్పుడు ధారాశివ్. అటు గుంటూరులో మా వియ్యంకుడి బాధ వేరు. ఆయనకు పుట్టినరోజే తెగదు. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం, 1956 నవంబరు 1న ఆంధ్రప్రదేశ్, 2014 జూన్ 2న మిగిలిన ఆంధ్రప్రదేశ్. ఒక ప్రభుత్వం జూన్ 2న పండుగ బదులు నవనిర్మాణ దీక్ష పట్టించింది, తర్వాతిది నవంబరు 1ని మళ్లీ తెచ్చింది. “మీకు ఒక రోజుకు మూడు పేర్లు, మాకు ఒక రాష్ట్రానికి మూడు రోజులు. ఎవరిది నయం బావగారూ?” అని ఫోన్లో నవ్వుతాడు. మా వాళ్లు నవంబరు 1ని విద్రోహ దినమని నల్లజెండాలెత్తినప్పుడు ఆయన నవ్వలేదు. అప్పుడు మా అమ్మాయి కాపురం గుర్తుచేసుకుని ఇద్దరం క్రికెట్ మాట్లాడుకున్నాం.

పదిహేడో తారీఖుకు పని కూడా ఎక్కువైంది. ప్రధాని పుట్టినరోజు అదే, విశ్వకర్మ జయంతి అదే. 2024లో గణేశ్ నిమజ్జనం కూడా ఆనాడే వచ్చి పడింది. ఆ ఏడు మిలాద్ ఊరేగింపును ముస్లిం పెద్దలు పంతొమ్మిదికి జరుపుకున్నారు, నిమజ్జనానికి అడ్డు రావద్దని. పేపర్లో చిన్న ముక్కగా వచ్చింది. సమైక్యత అంటే ఇదిగో ఇదిరా అని దాన్ని కత్తిరించి మూడు టెంట్ల వాళ్లకూ పంపుదామనుకున్నాను. మా ఆవిడ ఆ పేపర్‌ను పచ్చడి జాడీ కింద వేసేసింది.

దర్జీ చిచ్చా మనవడికి బస్టాండ్ దగ్గర మొబైల్ షాపు. 2022 సెప్టెంబరు పదిహేడు పొద్దున్నే షట్టర్ మీద ఒక పెద్ద జెండా కట్టాడు. బజారులో అందరికంటే ముందు, అందరికంటే పెద్దది. ఖాదీ కాదు, పాలిస్టర్. 2021 చివర నియమాలు మార్చి పాలిస్టర్ జెండాలకు కూడా దారి ఇచ్చారు కదా, గుట్టలు గుట్టలుగా దొరికాయి. ఆ సాయంత్రానికి సగం మోరీల్లో తేలాయి, అది వేరే కోపం.

“ఎందుకురా గింత పెద్దది? షాపు బోర్డే కనబడ్తలేదు.”

“ఉండనీ తాతా. పెద్దగుంటే ఎవ్వలు అడగరు.”

“ఏమడుగుతరు?”

వాడు జవాబు చెప్పకుండా నా ఫోన్ తీసుకుని గ్లాసు మార్చాడు. పైసలు వద్దన్నాడు. హైదరాబాద్‌లో మజ్లిస్ వాళ్లు సమైక్యతా దినమనాలని అందరికీ ఉత్తరాలు రాసి, తిరంగా ర్యాలీ తీసిన ఏడు అది. ర్యాలీ తీయొచ్చు, మంచిదే. కానీ గాజు పెట్టి చక్రం గీసిన వాడి మనవడు మూడో తరంలో వచ్చి జెండా కొలతతో జవాబు చెప్పుకోవాల్సి వస్తే, యాక్షన్ ఇంకా అయిపోలేదన్నట్టే లెక్క.

ఇంకొక్క కోపం ఉంది, అది కూడా కక్కేస్తాను. ఈ టెంట్లలో ఎవరికీ వినే తీరిక లేదు. నాయిన ముసలితనంలో సమరయోధుల పింఛనుకు కాగితాలు పెట్టించాను. జైలు సర్టిఫికెట్ తెమ్మన్నారు. తెచ్చాం. ఆఫీసులో గుమస్తా తారీఖు చూసి కళ్లద్దాలు పైకి జరిపి, “పెద్దాయనా, ఇది పోలీస్ యాక్షన్ తర్వాతి జైలు. నిజాం జైలయితే ఇయ్యొచ్చు, ఇది మన జైలు” అన్నాడు. నాయిన నవ్వి, “అన్నం ఒక్కతీరే ఉండె సారూ రెండింట్ల” అని లేచి వచ్చేశాడు. ఆ కాగితాలు మళ్లీ నా చేత పెట్టించలేదు.

అదే నాయినకు ఇప్పుడు మస్తు గిరాకీ. పోయిన ఏడు మూడు టెంట్ల వాళ్లూ వరసపెట్టి ఇంటికొచ్చారు, సమరయోధుడి కొడుకును సన్మానిస్తామని. నేను పెట్టిన షరతు ఒక్కటే: మూడు చోట్లకీ వస్తాను, ఒక్కో చోట పది నిమిషాలు మైకు ఇవ్వాలి. విమోచనం వాళ్ల దగ్గర నాయిన సంగతి, సర్కారు వాళ్ల దగ్గర అవ్వ సంగతి, సమైక్యత వాళ్ల దగ్గర మామ సంగతి, అన్ని చోట్లా చిచ్చా చెల్లెలి సంగతి చెప్తాను అన్నాను. ఒకడు టైమ్ సరిపోదన్నాడు. ఒకడు పైనుంచి స్క్రిప్టు వచ్చిందన్నాడు. మూడోవాడు కొంచెం నిజాయితీ మనిషి, “ఎలక్షన్లున్నయి సారూ, దండం పెడ్త” అన్నాడు. శాలువాలు మాత్రం ఇంటికే పంపించారు. రెండు పాలిస్టరువి, మా ఆవిడ ఫ్రిజ్ మీద కప్పింది. మూడోది కొంచెం నయం, చలికాలం పాలకు పోయేటప్పుడు కప్పుకుంటున్నాను. ఏ టెంటుదో చెప్పను, చెబితే అందులోనే ఉన్నానంటారు.